అంబారీ ఎక్కిన మాట

అయ్యలారా, అమ్మలారా, ముందుగా ఆ కామాక్షీదేవికి ఒక దణ్ణం పెట్టుకోండి. ఈ కథలో రాజున్నాడు, మంత్రి ఉన్నాడు, ఏనుగు కూడా ఉంది. కానీ కథ నడిపించింది మాత్రం ఆవిడే. పెట్టారా? వెనకాల స్తంభానికి ఆనుకున్నవాళ్ళు కూడా? సరే, వినండి.

భూమ్మీద రాజ్యాలకేం కొదవ. అందులో పసిడికోట ఒకటి. ఆ పసిడికోట టంకశాలలో, అంటే నాణేలకు ముద్ర వేసే చోట, సూరోజు అనే కంసాలి ఉండేవాడు. రాజ్యంలోకి ఏ బంగారం వచ్చినా ముందు సూరోజు గీటురాయి మీద ఒక్క గీత గీయాల్సిందే. ఆ గీతకేసి చూసి, "ఇది పన్నెండు వన్నె, ఇది పదమూడున్నర, ఇది మీ మావగారు మిమ్మల్ని మోసం చేసిన బంగారం" అని చెప్పేసేవాడు. పదహారు వన్నెలంటే మేలిమి, దానిమీద ఇంకేం లేదు. ఒకసారి చూసిన గీతను మరి మరిచిపోయేవాడు కాదు. మనం మనుషుల మొహాలు గుర్తుపట్టినట్టు అతను బంగారాన్ని గుర్తుపట్టేవాడు.

పాత మహారాజుగారి కాలంలో వర్తకులు వరహాల మూటలతో అడవిదారిన పోతుంటే దొంగలు కొట్టేవాళ్ళు. అప్పుడు పడుచువాడైన సూరోజే ఒక దారి చెప్పాడు. బంగారం కోటలోనే ఉండనిద్దాం, దాని బదులు కాగితం చీటీ ఇద్దాం, చీటీ తెచ్చినవాడికి ఏ రోజైనా, ఏ ఘడియనైనా బంగారం ఇద్దాం అని.

దానికొక పద్ధతి పెట్టారు. రాయసగాడు చీటీ రాస్తాడు. రాజముద్ర పడుతుంది. తర్వాత సూరోజు అన్ని వరహాలూ తూచి, నేలమాళిగలో ఉన్న రాగి కొప్పెరలో వేసి, "అమ్మా కామాక్షీ, నువ్వే సాక్షి" అని, తన బొటనవేలు ఎర్రటి లక్కలో అద్ది, రాజముద్ర పక్కన ఒత్తుతాడు. కొప్పెరలో బంగారం పడకుండా వేలు లక్కలో పడదు. ఇరవై ఏళ్ళలో ఒక్కసారి కూడా పడలేదు.

మొదటిరోజు ఆ చీటీని ఎవరూ నమ్మలేదు సుమండీ. బజారులో పూటకూళ్ళ ఇల్లు నడిపే పేరిందేవమ్మ మాత్రం ఒక చీటీ పట్టుకుని కోటకు వచ్చింది. "ఏదయ్యా నా బంగారం?" అంది. సూరోజు వరహా తీసి చేతిలో పెట్టాడు. ఆవిడ దాన్ని కటుక్కున కొరికింది. అటూ ఇటూ తిప్పి చూసింది. మళ్ళీ అతని చేతిలోనే పెట్టి, "ఉందన్నమాట. అయితే ఆ చీటీయే ఇచ్చెయ్యి. ఇది కొంగున కట్టుకుంటే ముడి జారుతుంది" అని వెళ్ళిపోయింది.

సూరోజు ఆ వేళ ఎంతసేపో అలా నిలబడిపోయాడు. కాగితం ముక్క, నీళ్ళు పడితే కరిగిపోయేది, నిప్పు తగిలితే బూడిదయ్యేది, బంగారం కన్నా ముద్దొచ్చిందే ఆవిడకి! ఇదేం మాయ తల్లీ అని కామాక్షమ్మ పటం వైపు చూశాడట. ఆవిడ నవ్వుతూనే ఉంది. ఆవిడెప్పుడూ నవ్వుతూనే ఉంటుందనుకోండి.

పాత మహారాజు పోయారు. కొడుకు గజకేసరి సింహాసనమెక్కాడు. మనసు చెడ్డది కాదు గానీ మనిషికి పటాటోపం ఎక్కువ. ఒళ్ళూ ఎక్కువే. మొలనూళ్ళూ కంటెలూ భుజకీర్తులూ కడియాలూ అన్నీ పెట్టుకుని నడిస్తే ముందు చప్పుడు వచ్చేది, ఆ తర్వాత పొట్ట వచ్చేది, చివరికి రాజుగారు వచ్చేవారు. ఆయన పక్కన గుండన మంత్రి. రాజు తుమ్మితే, "ఆహా, ఏం తుమ్ము ప్రభూ! శత్రువులు అదిరిపోయి ఉంటారు" అనే మనిషి.

ఒకనాడు ఆ గుండన మంత్రి నేలమాళిగ చూసొచ్చాడు. "ప్రభూ, కొప్పెరల్లో ముప్పైవేల వరహాలు నిద్రపోతున్నాయి. ఇరవై ఏళ్ళుగా అడిగినవాడు లేడు. అడగనివాళ్ళ కోసం అంత బంగారం దాచిపెట్టడం ఏమిటి? తమ పట్టపుటేనుగుకు బంగారు అంబారీ చేయిస్తే చుట్టుపక్కల రాజుల కళ్ళు కుడతాయి" అన్నాడు.

రాజుగారికి ఆ మాట పాయసంలా దిగింది. తాళాలు మంత్రి దగ్గరే ఉండేవి, ఏదో వంక చెప్పి సూరోజును కొన్నాళ్ళు నేలమాళిగలోకి దిగనివ్వలేదు. పొరుగూరి పనివాళ్ళ చేత గుట్టుగా అంబారీ అయిపోయింది. తీరా అయ్యాక వన్నె ఎంతో చెప్పమని సూరోజును పిలిచారు.

సూరోజు అంబారీ అంచున గీటురాయి ఆనించి ఒక్క గీత గీశాడు. గీశాడు గానీ వన్నె చెప్పడేం! ఆ గీత అతనికి తెలుసు. ఇరవై ఏళ్ళుగా రోజూ చూసిన మొహం అది.

"ప్రభూ," అన్నాడు, "ఇది కొప్పెరల్లో బంగారం."

"అయితే?" అన్నాడు రాజు.

"ఇది తమది కాదు ప్రభూ. చీటీలున్న వాళ్ళది. వాళ్ళొచ్చి అడిగితే?"

"ఇన్నేళ్ళూ రానివాళ్ళు ఇప్పుడొస్తారా? వచ్చినా నా ముద్ర ఉంది. నా ముద్రే బంగారం! అది సరే, మూడు రోజుల్లో నా పుట్టినరోజు. తులాభారానికి ముప్పైవేల వరహాలకు చీటీలు రాయించాను. దాని మీద ఇంకో లక్షకు కూడా రాయించాను. వాటిమీద నీ వేలు ఒత్తు."

అదీ సంగతి. ప్రతి పుట్టినరోజుకూ రాజు తన ఎత్తు బంగారం తూచి అమ్మవారికి ఇవ్వడం వంశాచారం. దానితోనే ఏడాదంతా సత్రంలో అన్నం. ఈ ఏడు బంగారం ఏనుగెక్కింది కాబట్టి కాగితాలతో కానిద్దామనుకున్నారు. మంత్రి అప్పటికే వేలిముద్ర లేకుండా కొన్ని చీటీలు సంతలోకి వదిలి చూశాడు. కొట్లవాళ్ళు వద్దనలేదు, రాజముద్ర కదా. కానీ వరహాకు అయిదు కుంచాల బియ్యం కొలిచేవాడు ఆ చీటీకి ఒకటిన్నర కుంచం కొలిచాడు. దాంతో రాజుకు కోపం వచ్చి దండోరా వేయించాడు: "రాజుగారి చీటీ వేరు, బంగారం వేరు అన్నవాడి బొటనవేలు తీసేస్తారహో!"

సూరోజు చేతులు జోడించాడు. "కొప్పెరలో వేయకుండా వేలు ఒత్తనని అమ్మవారి ముందు ఒట్టు పెట్టుకున్నాను ప్రభూ. నా వల్ల కాదు."

గుండన మంత్రి నవ్వాడు. "వద్దులే. మనకు కావలసింది వేలు. మనిషెందుకు? తీసి మేమే లక్కలో అద్దుకుంటాం."

సభలో ఒకరిద్దరు నవ్వబోయి, నిజంగానే అన్నాడని తెలిసి ఆగిపోయారు.

ఇంటికొచ్చిన సూరోజు అన్నం ముందు కూర్చున్నాడే గానీ ముద్ద ఎత్తలేదు. భార్య ఈరమ్మ అతని మొహం చూసి, జరిగింది రాబట్టి, విసనకర్ర పక్కన పెట్టేసింది.

"ఏమయ్యా, వేలు పోతుందని దిగులా?"

"వేలు లేకపోతే కంసాలి ఏం చేస్తాడే? కానీ దిగులు దానికి కాదు. నా వేలు అబద్ధమాడింది ఈరమ్మా. నాకు తెలియకుండానే ఆడింది. ఊళ్ళో ఉన్న ప్రతి పాత చీటీ మీదా నా గుర్తుంది, కింద కొప్పెర ఖాళీగా ఉంది."

ఈరమ్మ కొంగుముడి విప్పి ఒక చీటీ తీసింది. ఎర్రటి వేలిముద్ర ఇంకా మెరుస్తోంది. "పొద్దున్న చింతపండుకి దీన్నే ఇవ్వబోయాను. ఆ కొట్టు సెట్టి ముద్ర చూడలేదు, రాజు పేరూ చూడలేదు. నీ వేలు చూసి కళ్ళకద్దుకుని, చిల్లర లేక రేపిమ్మని తిరిగిచ్చాడు. ఆయన్ని నేనెలా మోసం చేసేది చెప్పు?" అని, ఆ చీటీ తీసుకెళ్ళి అమ్మవారి పటం దగ్గర, చిన్న త్రాసు పక్కన పెట్టింది. కాగితం గాలికి ఎగిరి త్రాసు తట్టలో పడింది. త్రాసు కదలలేదు.

సూరోజు దాన్నే చూస్తూ ఉండిపోయాడు. తర్వాత కంచం దగ్గరికి జరిగి, "నెయ్యి వెయ్యవే" అన్నాడు. మూడుసార్లు వడ్డించుకుని తిన్నాడట. అర్థమైందా అమ్మా ఎందుకో? చెబుతా, ఉండండి.

మర్నాడు సభలో సూరోజు వంగి నమస్కరించాడు. "ప్రభూ, తులాభారం కాగానే, అమ్మవారి ఎదుట, ఆ త్రాసు పక్కనే నిలబడి వేలు ఒత్తుతాను. ఒక్క సందేహం. చీటీకీ బంగారానికీ తేడా చూపకూడదన్న ఆజ్ఞ అందరికీ వర్తిస్తుందా?"

"అందరికీ!"

"సేనాపతిగారికీ? మంత్రిగారికీ?"

"నా రాజ్యంలో ఊపిరి పీల్చే ప్రతివాడికీ!"

"ఊపిరి పీల్చనివాటికి?"

రాజు పొట్ట పట్టుకుని నవ్వాడు. "రాయికి, రప్పకి, తలుపుకి, త్రాసుకి, అన్నిటికీ వర్తిస్తుంది పోరా! పసిడికోటలో నా ఆజ్ఞ దాటేది ఏదుంది?"

"రాయసంవారూ, ఆ మాట రాసుకోండి," అని సూరోజు వినయంగా వెనక్కి నడిచాడు.

పుట్టినరోజు వచ్చింది. కామాక్షమ్మ గుడి ముంగిట్లో తులాభారం త్రాసు కట్టారు. మద్దిమాను దూలం, ఇనుప గొలుసులు, బండిచక్రాలంత తట్టలు. పక్కనే బంగారు అంబారీతో పట్టపుటేనుగు. ఎండ పడి అంబారీ కళ్ళు చెదరగొడుతోంది. ఊరు ఊరంతా అక్కడే ఉంది. రాజు నగలన్నీ గలగలలాడించుకుంటూ వచ్చి ఒక తట్టలో కూర్చున్నాడు. తట్ట నేలకు అతుక్కుంది.

నూరు వరహాల చీటీలు మూడు వందలు. ముప్పైవేల వరహాలు! కట్టగడితే ఒక అరచేతిలో పట్టింది. అర్చకుడు శంభుదీక్షితులు దాన్ని రెండో తట్టలో పెట్టి మంత్రం అందుకున్నారు.

తట్ట కదలలేదు.

"ఇంకా వేయండి!" అన్నాడు మంత్రి. మిగిలిన లక్షా వేశారు. కదలలేదు. రాయసగాళ్ళను పరుగెత్తించి, అక్కడికక్కడే రాయించి, ఇంకో అయిదు లక్షలు వేశారు. లోకంలో ఉన్న బంగారమంతా లెక్కకు ఆ తట్టలోనే ఉంది. ఒక ఈగ వచ్చి ఆ గుట్ట మీద వాలింది. ఈగకేం తేడా తెలియలేదు, త్రాసుకీ తెలియలేదు.

గుండన మంత్రి దణ్ణం పెడుతున్నట్టు వంగి, మోచేత్తో తట్టను నొక్కాడు.

"మంత్రిగారూ, చెయ్యి తీయండి," అన్నారు దీక్షితులు మంత్రం మధ్యలో ఆపి. "తులాభారం తమరికి కాదు."

జనానికి నవ్వొచ్చింది. కానీ నవ్వితే ఎవరి వేలు పోతుందో! అందరూ పిడికిళ్ళు బిగించి బొటనవేళ్ళు లోపల దాచుకున్నారు. అంత జనం, అన్ని పిడికిళ్ళు!

అప్పుడు సూరోజు ముందుకొచ్చాడు. "ప్రభూ, ఒక నేరం జరిగింది. ఈ త్రాసు తమ చీటీ వేరు, బంగారం వేరు అంటోంది. ఊరందరి ముందూ అంటోంది. తమ ఆజ్ఞ త్రాసుకు కూడా వర్తిస్తుందని రాయసంవారు రాసుకున్నారు. దీని బొటనవేలు ఎక్కడుందో చూపిస్తే తలారి వచ్చి తీసేస్తాడు."

రాజు మొహం కందగడ్డయింది. "పిచ్చివాడా! కాగితం వేరు, బంగారం వేరు! ఆ మాత్రం పసిపిల్లకైనా తెలుసు!"

అన్నాడు. అన్నాక ఆగాడు.

అయ్యలారా, అక్కడున్న అన్ని కళ్ళూ రాజుగారి మొహం మీంచి జారి, భుజం మీంచి జారి, చెయ్యి మీంచి జారి, ఒక్క చోట ఆగాయి. రాజు కిందికి చూసుకున్నాడు. వజ్రపుటుంగరం పెట్టిన తన బొటనవేలు కనబడింది. మెల్లిగా, ఎవరూ చూడరనుకుని, పిడికిట్లో దాచుకున్నాడు.

దాచుకున్నాక ఆయనకు తెలిసింది, వేలు దాచుకోవడమంటే ఎలా ఉంటుందో. మొన్న సభలో ఈ కంసాలికి ఎలా ఉందో.

"భయం వద్దు ప్రభూ," అన్నాడు సూరోజు, ఈసారి మెల్లిగా, ఒక్క రాజుకే వినబడేలా. "తమరు నిజమే చెప్పారు. కాగితానికి బరువు లేదు. మరి ఇరవై ఏళ్ళు ఈ ఊరు దాన్ని బంగారంలా ఎందుకు మోసింది?"

రాజు అవతలి తట్టకేసి చూసి అన్నాడు. "మా నాన్నగారి మాట వల్ల."

"ఆ మాట ఎక్కడుంది ప్రభూ ఇప్పుడు?"

సూరోజు చెయ్యెత్తి చూపించాడు. "అదిగో. అంబారీ ఎక్కి కూర్చుంది. దించమంటారా?"

గుళ్ళో గంట మోగింది. ఎవరు కొట్టారో ఈనాటికీ తెలియదు. గాలికే మోగిందన్నవాళ్ళూ ఉన్నారు. నేనైతే గాలి అనను.

"దించు," అన్నాడు రాజు.

మావటి ఏనుగును మోకరిల్లబెట్టాడు. సూరోజు పట్టుకారుతో చీలలు లాగి, బంగారు రేకులు ఒక్కొక్కటే చెక్క చట్రం మీంచి ఊడదీశాడు. కాగితాలన్నీ తోసేసి ఆ రేకులు తట్టలో పేర్చాడు. చివరి రేకు పడగానే రాజున్న తట్ట నేలమీంచి వేలెడంత లేచి, మళ్ళీ నేలను తాకి, వణుకుతూ నిలబడింది. ఇంకొంచెం కావాలి. బంగారం మాత్రం అయిపోయింది.

అందరూ ఇంకేం వేస్తారా అని చూస్తున్నారు. రాజు తన మొలనూలు వైపు చూసుకున్నాడు. విప్పి దీక్షితుల చేతికిచ్చాడు. "ఆ రేకులు ఊరివాళ్ళవి. ఇది నాది. ఇది అమ్మవారికి."

తట్ట లేచింది.

కంటె తీశాడు. ఇంకాస్త లేచింది. భుజకీర్తులు తీశాడు, కడియాలు తీశాడు, బొటనవేలి ఉంగరం తీశాడు, చివరికి కిరీటం కూడా తీసి ఇచ్చాడు. అవతలి తట్టలో ఎవరూ గోరంత బంగారం వేయలేదు, చూస్తున్నారా! ఇవతల ఒక్కొక్కటీ వదిలేస్తున్నకొద్దీ ఆ భారీ మనిషి, మా రాజు, పువ్వులా పైకి లేస్తున్నాడు. ముసలివాళ్ళు చెంపలు వేసుకున్నారు. సూరోజు కళ్ళవెంట నీళ్ళు కారాయి. బంగారాన్ని తూచడమే తన పని అనుకున్నాడు ఇన్నాళ్ళూ.

మనిషెత్తున, గాల్లో, కాళ్ళు వేలాడేసుకుని రాజు కిందికి చూశాడు. ఒంటి మీద పంచె తప్ప ఏమీ లేదు. ముందు ఆయన పొట్ట కదిలింది. తర్వాత భుజాలు కదిలాయి. తర్వాత గొలుసులు గలగలలాడేలా నవ్వేశాడు. "ఒరే సూరోజూ! ఏనుగెక్కినా ఇంత ఎత్తు అనిపించలేదురా!" అప్పుడు జనం పిడికిళ్ళు విప్పి చప్పట్లు కొట్టారు.

నగలు అమ్మవారికి వెళ్ళాయి, సత్రం పొయ్యి ఆరలేదు. వేలిముద్ర లేని కాగితాలు హోమగుండంలో వేశారు. సంతలో పడ్డ వాటిని కూడా రాజు తన సొంత పొలాల పంట ఇచ్చి వెనక్కి తీసుకున్నాడు. అంబారీ రేకుల్ని టంకశాల వరకు గుండన మంత్రి తన నెత్తినే మోశాడు. "ఆహా, ఏం బరువు ప్రభూ!" అనడం మాత్రం మానలేదు.

వరహాలు మళ్ళీ ముద్రపడి కొప్పెరలు నిండాయి. కానీ ఊరికి ఇప్పుడు తెలిసిపోయిందిగా, కొప్పెరలు ఒకసారి ఖాళీ అయ్యాయని. తెల్లారేసరికి కోట గుమ్మం నుంచి బజారు చివరిదాకా బారు. ప్రతి చేతిలోనూ చీటీ. నగల్లేని రాజు మామూలు పంచెలో వచ్చి సూరోజు పక్కన నిలబడ్డాడు. "అందరూ పట్టుకుపోతే?" అన్నాడు.

"పట్టుకుపోనివ్వండి ప్రభూ. వాళ్ళదే."

బారులో మొదట పేరిందేవమ్మ. ఇరవై ఏళ్ళలో జుట్టు నెరిసింది, నడుం వంగింది. సూరోజు చీటీ పుచ్చుకుని వరహా ఇచ్చాడు. ఆవిడ నోట్లో పెట్టుకోబోయి ఆగింది. పక్కనున్న మనిషి చేతికిచ్చింది. "నాయనా, నాకు పళ్ళు ఊడిపోయాయి. నువ్వు కొరికి చెప్పు, బంగారమేనా?"

నగలు లేకపోతే ఆయన రాజని ఆవిడకెలా తెలుస్తుంది చెప్పండి! పసిడికోట మహారాజు ఆ వరహాను కటుక్కున కొరికాడు.

"బంగారమే అమ్మా."

"ఒట్టు?"

"అమ్మవారి మీద ఒట్టు."

"అయితే ఆ చీటీయే ఇచ్చెయ్యి సూరోజూ. ఇది మోసుకుని ఈ నడుంతో నేనెక్కడికి పోను?" అని, చీటీ కొంగున కట్టుకుని వెళ్ళిపోయింది.

వెనకాల సెట్టి వరహా చూశాడు, తాకాడు, చీటీ వెనక్కి తీసుకున్నాడు. అతని వెనక నేతగాడూ అంతే. మధ్యాహ్నానికి చాలామంది గుమ్మంలోంచి తొంగిచూసి, "ఉందా?" "ఉంది" అనుకుని ఇళ్ళకు మళ్ళారు. సాయంత్రానికి కొప్పెరల్లో బంగారం వేలెడు కూడా తరగలేదు.

రాజు ఆ కొప్పెరల వైపు, ఖాళీ అయిన వీధి వైపు మార్చి మార్చి చూశాడు. "ఎందుకు తీసుకోలేదు సూరోజూ?"

"ఉంది కనక ప్రభూ."

రాజు తన చేత్తోనే ఒక కాగితం మీద నూరు వరహాలకు చీటీ రాసి, ముద్ర వేసి ఇచ్చాడు. "కంకణం తొడుగుదామంటే నా చేతికే లేదు. ఇది నీకు."

సూరోజు ఆ చీటీని గీటురాయి మీద పెట్టి నిదానంగా గీశాడు. రాయి మీద ఏ గీతా పడలేదు. రాయి వైపు చూశాడు, తలెత్తి రాజు మొహం వైపు చూశాడు.

"వన్నె ఎంత?" అన్నాడు రాజు, నవ్వు ఆపుకుంటూ.

"పదహారు ప్రభూ. నిఖార్సైన పదహారు." అని చీటీని కళ్ళకద్దుకున్నాడు. "కానీ తమ సొంత పైకంలోంచి నూరు వరహాలు ఇటు తెప్పించండి. కొప్పెరలో వేసి వేలు ఒత్తుకుంటాను."

రాజు నవ్విన నవ్వుకు కొప్పెరల్లో వరహాలు మోగాయట. ఆయనే స్వయంగా నేలమాళిగలోకి దిగి, నూరూ ఒక్కొక్కటే లెక్కపెట్టి వేశాడు. సూరోజు తన బొటనవేలు ఎర్రటి లక్కలో అద్దాడు.

"అమ్మా కామాక్షీ, నువ్వే సాక్షి," అన్నారు ఇద్దరూ.